స్టెఫాన్ బనాఖ్: ఒక శాస్త్రానికి పుస్తకమిచ్చిన మనీషి

గణితశాస్త్రంలో ఎం.ఎస్సీ. తరగతికి చేరిన ప్రతి విద్యార్థికీ ఒకనాడు ఒక పేరు పరిచయమవుతుంది. మన తరగతి గదులలో బానాక్ అని పలికే ఆ పేరు మొదట ఒక అంతరాళానికి విశేషణంగా నల్లబల్లపై కనబడుతుంది. పిదప సిద్ధాంతాల పేర్లలోను, పరీక్షా ప్రశ్నలలోను పదే పదే ఎదురవుతుంది. ఆ పేరు గల మనిషికి తల్లి ఒడి దక్కలేదనీ, గణితంలో క్రమమైన విశ్వవిద్యాలయ పట్టం లేదనీ, జీవిత చరమదశలో తన రక్తంతో పేలను పోషించి ప్రాణాలు నిలుపుకొన్నాడనీ మనలో ఎరిగినవారు అరుదు. పోలండ్ దేశపు ఉచ్చారణను అనుసరించి ఆయన స్టెఫాన్ బనాఖ్. ఫంక్షనల్ అనాలిసిస్ అని మనం పిలిచే శాస్త్రశాఖకు ఆయన రెండు పుస్తకాలను ప్రసాదించినాడు. ఒకటి అచ్చయిన గ్రంథం; రెండవది చేతివ్రాతతో నిండిన ఒక నోటు పుస్తకం. ఆ రెండు పుస్తకాల కథయే ఆయన జీవితకథ అని చెప్పినా తప్పులేదు.

బనాఖ్ 1892 మార్చి 30వ తేదీన క్రాకోవ్ నగరంలో జన్మించినాడు. ఆనాడు పోలండ్ అనే దేశం ప్రపంచ పటంలో లేదు. రష్యా, ప్రష్యా, ఆస్ట్రియా ఆ భూభాగాన్ని పంచుకొని ఏలుతున్నాయి. క్రాకోవ్ ఆస్ట్రియా పాలనలో ఉండేది. తండ్రి స్టెఫాన్ గ్రెచెక్ ఒక సామాన్య సైనికుడు. తల్లి కతర్జీనా బనాఖ్. వారిరువురికీ వివాహం జరగలేదు. శిశువుకు తండ్రి పేరు, తల్లి ఇంటిపేరు దక్కినవి. తల్లిదండ్రుల పోషణ మాత్రం దక్కలేదు. నామకరణం ముగిసిన పిదప తల్లి ఆ బిడ్డ జీవితంలో మరల కానరాలేదు. పెద్దవాడైన తరువాత ఆమెను గురించి తండ్రిని అడిగినా, మాట ఇచ్చితినన్న కారణంతో ఆయన ఆ రహస్యాన్ని విప్పలేదు.

క్రాకోవ్‌లో చాకలి దుకాణం నడుపుకొనే ఫ్రాంచిష్కా ప్లోవా అనే స్త్రీ ఆ బాలుని పెంచినది. ఆ ఇంటికి సన్నిహితుడైన జూలియుష్ మియెన్ అనే విద్యావంతుడు బాలునికి ఫ్రెంచి భాష నేర్పినాడు. చిన్ననాడు నేర్చిన ఆ భాష తరువాతి కాలంలో ఎంతటి ఉపకారం చేసినదో మనం ముందు చూడగలం.

1902 నుండి 1910 వరకు బనాఖ్ క్రాకోవ్‌లోని ఒక ఉన్నత పాఠశాలలో చదివినాడు. అక్కడ విటోల్డ్ విల్కోష్ అనే సహాధ్యాయి ఆయనకు ప్రాణస్నేహితుడైనాడు. విరామ సమయాలలోను, బడి వదలిన తరువాతను ఇరువురూ లెక్కలు సాధించుటలో మునిగి ఉండేవారు. అయినను పాఠశాల చదువు ముగిసే వేళకు, గణితంలో క్రొత్తగా కనుగొనవలసినది ఏమీ మిగలలేదని ఆ మిత్రులిద్దరూ తీర్మానించుకొన్నారట! విల్కోష్ ప్రాచ్యభాషల వైపు, బనాఖ్ ఇంజనీరింగు వైపు మరలినారు. ఏ శాస్త్రంలో ఇక పని లేదని తలచినాడో ఆ శాస్త్రంలోనే ఆయన ఒక నూతన ఖండాన్ని ఆవిష్కరించుట విధి చేసిన చమత్కారం.

ఇంజనీరింగు చదువుకై ఆయన ల్వూవ్ నగరానికి వెళ్ళినాడు. నేడు ఉక్రెయిన్‌లో ఉన్న ల్వీవ్ నగరమే ఇది. అక్కడి సాంకేతిక విద్యాలయంలో తన ఖర్చులు తానే సంపాదించుకొంటూ చదివి, 1914 నాటికి సగం చదువుకు సంబంధించిన పరీక్ష మాత్రమే పూర్తి చేయగలిగినాడు. అంతలో మొదటి ప్రపంచ యుద్ధం ముంచుకొని వచ్చినది. చూపు మందగించిన కారణంగా ఆయనను సైన్యంలోకి తీసుకోలేదు. కొంతకాలం రహదారి పనులపై మేస్త్రీగా ఉన్నాడు. క్రాకోవ్‌కు తిరిగివచ్చి పాఠశాలల్లో పాఠాలు చెప్పినాడు. గణితాన్ని మాత్రం ఒంటరిగా, పుస్తకాలను గురువులుగా చేసుకొని చదువుతూనే ఉన్నాడు.

1916వ సంవత్సరపు వసంతకాలంలో ఒక సాయంకాలం ఆయన జీవితాన్ని మార్చివేసినది. క్రాకోవ్ పాతనగరం చుట్టూ ప్లాంటి అనే ఉద్యానవనం కలదు. హ్యూగో స్టైన్‌హౌస్ అనే గణితవేత్త ఆ తోటలో వ్యాహ్యాళికి బయలుదేరినాడు. ఒక బల్లపై ఇద్దరు యువకులు కూర్చుండి మాట్లాడుకొంటున్నారు. వారి మాటలలో లెబేగ్ పేరు వినిపించినది. ఫ్రెంచి గణితవేత్త లెబేగ్ ప్రతిపాదించిన సమాకలన విధానం ఆ రోజులలో చాలా క్రొత్తది. విశ్వవిద్యాలయాలలోని ఆచార్యులలోనే అనేకులకు అది అపరిచితం. తోటలో కూర్చున్న యువకుల నోట ఆ మాట వినుట స్టైన్‌హౌస్‌కు ఆశ్చర్యం గొలిపినది. ఆయన వారి వద్దకు వెళ్ళి తనను పరిచయం చేసుకొన్నాడు. ఆ యువకులలో ఒకడు బనాఖ్, మరియొకడు ఒట్టో నికోదిమ్.

స్టైన్‌హౌస్ ఆనాడు ఫూరియే శ్రేణులకు సంబంధించిన ఒక ప్రశ్నతో సతమతమవుతున్నాడు. ఆ ప్రశ్నను ఆయన బనాఖ్ ముందుంచినాడు. కొద్ది దినాలలోనే బనాఖ్ సమాధానంతో వచ్చినాడు. అట్లు జనించిన ఉమ్మడి వ్యాసం, యుద్ధం వల్ల ఆలస్యమై, 1918లో వెలువడినది. తన జీవితంలోని శాస్త్ర పరిశోధనలన్నింటికంటె బనాఖ్‌ను కనుగొనుటయే గొప్ప ఆవిష్కరణ అని స్టైన్‌హౌస్ తరువాతి కాలంలో చెప్పుకొనేవాడు. ప్రతిభ ఎక్కడ ఉన్నా గుర్తించి చేయూతనిచ్చే పెద్దలు లేనిచో ఎన్ని మొలకలు ఎండిపోవునో!

స్వతంత్ర పోలండ్ ఏర్పడిన పిదప, 1920లో ఆంటోని లొమ్నిట్‌స్కీ అనే ఆచార్యుడు బనాఖ్‌ను ల్వూవ్ సాంకేతిక విద్యాలయంలో తన సహాయకునిగా నియమించినాడు. ఆ ఏడాదే లూత్సియా బ్రౌస్‌తో వివాహం జరిగినది. ఆ ఏడాదే ల్వూవ్ విశ్వవిద్యాలయం, క్రిందిస్థాయి పట్టం ఏదీ లేకున్నను, ఆయనకు డాక్టరేటు ఇచ్చినది. ఈ డాక్టరేటును గురించి ఒక కథ వ్యాప్తిలో ఉన్నది. బనాఖ్‌కు మాట్లాడుట ఇష్టం, వ్రాయుట బద్ధకం. అందువల్ల ఆయన చెప్పిన విషయాలను ఇతరులు వ్రాసి పెట్టినారట. మౌఖిక పరీక్షకు కూడ ఆయన ఎంతకూ రానందున, కొందరు పెద్దలు కొన్ని లెక్కల సందేహాలతో వచ్చినారని చెప్పి కార్యాలయానికి తీసికొని వెళ్ళినారట. ఆయన ఉత్సాహంగా సమాధానాలు చెప్పి వచ్చినాడు. అదియే పరీక్ష అని ఆయనకు తరువాత తెలిసినదట. ఈ కథలో ఎంత నిజమున్నదో గాని, ఆ మనిషి స్వభావాన్ని మాత్రం చక్కగా చిత్రిస్తున్నది.

ఆ సిద్ధాంత వ్యాసం 1922లో ప్రచురింపబడినది. దానిలో ఏమున్నదో కొంచెం వివరించుట అవసరం. సామాన్య బీజగణితంలో మనం వెదకే అజ్ఞాతరాశి ఒక సంఖ్య. అవకలన సమీకరణాలలోను, సమాకలన సమీకరణాలలోను వెదకే అజ్ఞాతం ఒక ప్రమేయం, అనగా ఫంక్షన్. ఇటలీలో వోల్టెరా, స్వీడన్‌లో ఫ్రెడ్‌హోమ్, జర్మనీలో హిల్బర్ట్, ఫ్రాన్సులో ఫ్రెషే, హంగరీలో రీస్ వంటి మహనీయులు ఇట్టి సమీకరణాలపై ఎంతో కృషి చేసినారు. ప్రమేయాల సమూహాలను బిందువుల సమూహాలవలె చూడవచ్చుననే భావం వారి కృషిలోనే పెరిగినది. అయితే ఒక్కొక్క ప్రమేయ సమూహానికి ఒక్కొక్క నిరూపణ కావలసి వచ్చేది.

బనాఖ్ ఆ వేర్వేరు సమూహాలన్నింటికీ ఉమ్మడిగా ఉన్న గుణాలను ఏరి, కొద్ది స్వీకృతాలుగా నిలిపినాడు. సమూహంలోని ఏ రెండు మూలకాలనైనా కూడవచ్చును, సంఖ్యతో గుణించవచ్చును. ప్రతి మూలకానికీ పొడవు వంటి ఒక కొలత ఉండును; దానినే నార్మ్ అంటారు. చివరి నియమం సంపూర్ణత. ఒకదానికొకటి ఎడతెగక దగ్గరవుతూ పోయే మూలకాల అనుక్రమానికి ఆ సమూహంలోనే ఒక గమ్యం ఉండవలెను. అకరణీయ సంఖ్యలకు ఈ గుణం లేదు. 1.4, 1.41, 1.414 అంటూ సాగే అనుక్రమం రెండు యొక్క వర్గమూలాన్ని సమీపిస్తుంది గాని, ఆ గమ్యం అకరణీయ సంఖ్యలలో లేదు. వాస్తవ సంఖ్యలలో అట్టి లోటు ఉండదు. ఈ నియమాలకు లోబడిన ప్రతి సమూహానికీ ఒకే నిరూపణ చాలును. ఒక్క తాళపుచెవితో అనేక గదులు తెరుచుకొన్నవి.

ఆ వ్యాసంలోనే స్థిరబిందు సిద్ధాంతం కూడ ఉన్నది. దూరాలను ఒక నిర్ణీత నిష్పత్తిలో తగ్గించే పరివర్తన, సంపూర్ణ అంతరాళంలో ఒకే ఒక్క బిందువును కదలనీయక ఉంచుతుంది. ఒక నగరపు పటాన్ని ఆ నగరంలోనే ఒక బల్లపై పరచినామనుకొందాం. పటంపై ఒకే ఒక్క బిందువు సరిగా తాను సూచించే స్థలంపైననే ఉంటుంది. బాలురకు కూడ బోధపడే ఈ సత్యమే అవకలన సమీకరణాలకు సాధన ఉన్నదని నిరూపించుటకు ఆధారం అగుచున్నది.

ఇచట ఒక విషయం గమనింపదగినది. సుమారు అదే కాలంలో అమెరికాలో నార్బర్ట్ వీనర్ కూడ ఇట్టి స్వీకృతాలనే స్వతంత్రంగా చేరుకొన్నాడు. కొంతకాలం ఇద్దరి పేర్లూ కలిపి చెప్పినవారు కలరు. కాని వీనర్ ఆ బాటను విడిచి వేరు విషయాలకు మరలినాడు. బనాఖ్ అచటనే నిలిచినాడు, సహచరులను చేర్చినాడు, పత్రిక పెట్టినాడు, చివరకు గ్రంథం వ్రాసినాడు. ఒక భావం పుట్టుట ఒక ఎత్తు. అది పుస్తకమై పరాయి దేశపు విద్యార్థి చేతికి అందుట మరియొక ఎత్తు.

1922లో ఆచార్య పదవి, 1927లో పూర్తిస్థాయి ఆచార్యత్వం ఆయనకు లభించినవి. 1927లో స్టైన్‌హౌస్‌తో కలిసి ఒక ముఖ్య సిద్ధాంతాన్ని, 1929లో ఆస్ట్రియా పండితుడు హాన్ పేరుతో జతగా నేడు మనం చదివే మరొక సిద్ధాంతాన్ని ప్రకటించినాడు. 1929లోనే స్టైన్‌హౌస్‌తో కలిసి స్టూడియా మాతెమాతికా అనే పరిశోధన పత్రికను స్థాపించినాడు. ఆ పత్రిక ఈ ఒక్క శాస్త్రశాఖనే ప్రధానంగా పోషించినది.

ఆదాయానికి మించిన ఖర్చు బనాఖ్ బలహీనత. అప్పులు తీర్చుకొనుటకు ఆయన పాఠ్యగ్రంథాలు వ్రాసినాడు. పాఠశాలలకు అంకగణిత, బీజగణిత పుస్తకాలను ఇతరులతో కలిసి రచించినాడు. అవకలన, సమాకలన గణితంపై రెండు సంపుటాలు, 1938లో యంత్రశాస్త్రంపై ఒక గ్రంథం వెలువరించినాడు. మహాశాస్త్రవేత్త బడిపిల్లలకు లెక్కల పుస్తకం వ్రాయుట చిన్నతనమని ఆయన తలచలేదు. అవసరం వ్రాయించినదే గాని, ఆ వ్రాత నుండి స్పష్టత అలవడినది.

ఇక మొదటి మహాగ్రంథం సంగతి. 1931లో బనాఖ్ రేఖీయ ఆపరేటర్లను గురించిన తన గ్రంథాన్ని పోలిష్ భాషలో ప్రచురించినాడు. మరుసటి ఏడు, 1932లో, దానినే ఫ్రెంచిలో వెలువరించినాడు. గణిత గ్రంథమాల అనే పేరుతో పోలండ్ పండితులు ప్రారంభించిన వరుసలో అదియే మొదటి సంపుటం. చాకలి ఇంట పెరిగిన బాలునికి మియెన్ నేర్పిన ఫ్రెంచి ఇట్లు ఫలించినది. మొదట స్వభాషలో తన విద్యార్థులకు, పిదప అంతర్జాతీయ భాషలో ప్రపంచానికి ఆయన ఒకే విద్యను అందించినాడు. ఈ క్రమం మనం మరువరానిది.

పన్నెండు అధ్యాయాల ఆ గ్రంథం సాధారణ విషయాల నుండి క్రమంగా ముందుకు సాగుతుంది. దానిలో తన పేరు ఎక్కడా తగిలించుకొనక, ఆ అంతరాళాలను ఆయన బి తరహా అంతరాళాలని మాత్రమే పిలిచినాడు. లోకమే వాటికి ఆయన పేరు స్థిరపరచినది. గ్రంథం చివర చేర్చిన వ్యాఖ్యలలో తనకు సాధ్యం కాని ప్రశ్నలను దాచక బయటపెట్టినాడు. ఒక శాస్త్రం ముగిసినదని కాక, ఇప్పుడే మొదలైనదని చెప్పే పుస్తకం అది. దానికి లోపాలు లేకపోలేదు. ఆయన ప్రధానంగా వాస్తవ సంఖ్యలతోనే పని చేసినాడు. సంకీర్ణ సంఖ్యల బలం దానిలో కానరాదు. రెండవ సంపుటం వ్రాయవలెనని సంకల్పించినాడు గాని అది రూపొందలేదు.

1932వ సంవత్సరం ఈ శాస్త్రానికి పుణ్యసంవత్సరం. ఆ ఏడే అమెరికాలో మార్షల్ స్టోన్ హిల్బర్ట్ అంతరాళంలోని రేఖీయ పరివర్తనలపై పెద్ద గ్రంథం వెలువరించినాడు. ఆ ఏడే జాన్ ఫాన్ నాయ్‌మన్ క్వాంటం యంత్రశాస్త్రపు గణిత పునాదులపై జర్మన్ భాషలో గ్రంథం ప్రకటించినాడు. మూడు దేశాలలో, మూడు భాషలలో మూడు పుస్తకాలు. వీరిలో స్టోన్ మహాశయునికి మన దక్షిణాదితో ఒక విషాదబంధం కలదు. ఆయన 1989లో మద్రాసు నగరంలో కన్నుమూసినాడు.

ఈ మూడింటి సంగమం నుండియే ఆపరేటర్ ఆల్జీబ్రాలనే విద్య ప్రవహించినది. ఫాన్ నాయ్‌మన్, మర్రే అనే పండితుడు కలిసి 1936 నుండి 1943 వరకు ఆపరేటర్ల వలయాలపై ప్రసిద్ధ వ్యాసాలు ప్రకటించినారు. 1941లో రష్యాలో గెల్ఫాండ్, బనాఖ్ అంతరాళానికి గుణకారాన్ని కూడ చేర్చి, నార్మ్ గల వలయాల సిద్ధాంతాన్ని రూపొందించినాడు. వాటినే నేడు బనాఖ్ ఆల్జీబ్రాలు అంటున్నాము. 1943లో గెల్ఫాండ్, నయ్‌మార్క్ కలిసి సి-స్టార్ ఆల్జీబ్రాలకు పునాది వేసినారు. ఈ చెట్టు ఎంత ఎదిగినను, బనాఖ్ నాటిన వేరు దాని అడుగున నిలిచియే ఉన్నది.

ఇప్పుడు రెండవ పుస్తకాన్ని చూద్దాం. బనాఖ్‌కు నిశ్శబ్దమైన గది కంటె, సందడి గల కాఫీ హోటలు ప్రియమైనది. ల్వూవ్ విశ్వవిద్యాలయం సమీపంలో స్కాటిష్ కాఫే అనే హోటలు ఉండేది. అచట బనాఖ్, స్టనిస్లావ్ మజూర్, స్టనిస్లావ్ ఉలామ్ తదితరులు గంటల తరబడి కూర్చుండి గణితం చర్చించేవారు. పాలరాతి బల్లలపైననే పెన్సిలుతో లెక్కలు వ్రాసేవారు. ఒక పర్యాయం ఆ చర్చ పదిహేడు గంటలు సాగినదని ఉలామ్ చెప్పియున్నాడు. ఎంతో శ్రమించి సాధించిన నిరూపణ, మరునాడు బల్ల తుడిచేవాని గుడ్డకు అంటుకొనిపోయిన సందర్భం కూడ కలదట.

ఈ నష్టాన్ని అరికట్టినది ఒక గృహిణి. బనాఖ్ భార్య లూత్సియా 1935లో ఒక మందపాటి నోటు పుస్తకం కొని హోటలులో ఉంచినది. అడిగినప్పుడు తెచ్చి ఇచ్చుట, లేచినప్పుడు భద్రపరచుట హోటలు సేవకుని పని. ఒక పుటపై ప్రశ్న వ్రాసి, ఎదుటి పుటను సమాధానానికై ఖాళీగా విడిచేవారు. 1935 జూలై 17వ తేదీన మొదటి ప్రశ్నను బనాఖ్ స్వయంగా వ్రాసినాడు. ఫాన్ నాయ్‌మన్ వంటి విదేశీ అతిథులు కూడ అందులో ప్రశ్నలు వ్రాసినారు. కొన్ని ప్రశ్నలకు బహుమానాలు ప్రకటించేవారు. ఒకదానికి కేంబ్రిడ్జిలో భోజనం! 1936 నవంబరు 6న మజూర్ వ్రాసిన 153వ ప్రశ్నకు బహుమానం ప్రాణంతో ఉన్న ఒక బాతు.

వినోదంగా కనిపించు ఈ పద్ధతిలో ఒక గొప్ప విద్యారహస్యం ఇమిడియున్నది. అక్కడ ఆచార్యుడు, విద్యార్థి అనే భేదం లేదు. తెలిసినదానిని ప్రదర్శించుటకు గాక, తెలియనిదానిని నిర్భయంగా వ్రాసిపెట్టుటకు ఆ పుస్తకం ఏర్పడినది. తనకు రాదని చెప్పుకొనుటకు సిగ్గుపడని విద్వాంసుల కూటమి అది.

బనాఖ్ కీర్తి దేశదేశాలకు ప్రాకినది. 1936లో ఓస్లోలో జరిగిన అంతర్జాతీయ గణిత మహాసభలో ఆయన ప్రధాన ప్రసంగం చేసినాడు. అమెరికాకు రమ్మని ఫాన్ నాయ్‌మన్ ఆయనను ఆహ్వానించినాడని, ఒక చెక్కుపై ఒకటి అనే అంకె వ్రాసి, దాని ప్రక్కన తోచినన్ని సున్నలు చేర్చుకొమ్మని చెప్పినాడని ఒక కథ ఉన్నది. పోలండ్‌ను విడుచుటకు ఆ మొత్తం చాలదని బనాఖ్ నిరాకరించినాడట. కథ యథాతథంగా జరిగినను జరగకున్నను, ఆయన స్వదేశాన్ని విడువలేదన్నది సత్యం. అందుకు ఆయన చెల్లించిన మూల్యం అపారం.

1939లో ఆయన పోలండ్ గణిత సంఘానికి అధ్యక్షుడైనాడు. ఆ ఏడు సెప్టెంబరులో రెండవ ప్రపంచ యుద్ధం ప్రారంభమైనది. ల్వూవ్ సోవియట్ సేనల వశమైనది. విశ్వవిద్యాలయం కొనసాగినది; బనాఖ్ తన విభాగానికి డీన్‌గా పని చేసినాడు. 1941 మే 31న స్టైన్‌హౌస్ హోటలు పుస్తకంలో 193వ ప్రశ్నను వ్రాసినాడు. అదియే చివరిది. నెల తిరిగేసరికి, జూన్ చివర, జర్మన్ సేనలు నగరంలో ప్రవేశించినవి.

జూలై తొలిదినాలలో నాజీలు ల్వూవ్ ఆచార్యులను ఇండ్లనుండి ఈడ్చుకొనిపోయి కాల్చి చంపినారు. బనాఖ్‌కు తొలి ఉద్యోగమిచ్చిన లొమ్నిట్‌స్కీ వారిలో ఒకడు. సహాధ్యాపకుడు, పాఠ్యగ్రంథ రచనలో తోడైన స్తోజెక్, ఆయన ఇద్దరు కుమారులు కూడ బలియైనారు. గణితవేత్త షౌడర్ 1943లో హతుడైనాడు. యూదు వంశీయుడైన స్టైన్‌హౌస్ మారుపేరుతో పల్లెలలో దాగి ప్రాణం దక్కించుకొన్నాడు. కాఫీ బల్లల చుట్టూ వెల్లివిరిసిన విద్యాగోష్ఠి రెండు సంవత్సరాలలో చెల్లాచెదరైనది.

బనాఖ్‌ను కాపాడినది గణితం కాదు, పేలు! రుడాల్ఫ్ వైగల్ అనే శాస్త్రవేత్త ఆ నగరంలో టైఫస్ జ్వరానికి టీకా తయారుచేయు సంస్థను నడిపేవాడు. ఆ టీకాకు పేలు కావలెను. పేలు బ్రతుకుటకు మనుష్య రక్తం కావలెను. పేలున్న చిన్న పెట్టెలను కాలికి కట్టుకొని, వాటికి తమ రక్తాన్ని ఆహారంగా ఇచ్చే పనిలో వైగల్ అనేక విద్యావంతులను చేర్చుకొన్నాడు. టీకా జర్మన్ సైన్యానికి అవసరం కనుక, ఆ సంస్థ గుర్తింపు చీటీ ఉన్నవారికి కొంత రక్షణ లభించేది. ప్రపంచమంతా గౌరవించిన ఆచార్యుడు 1941 నుండి 1944 జూలై వరకు కాలికి పేల పెట్టెలు కట్టుకొని కాలం గడిపినాడు. పాండిత్యాన్ని పశుబలం ఎంతకు దిగజార్చగలదో చూచుటకు ఇంతకంటె నిదర్శనం వేరు కావలెనా?

నగరం విముక్తి పొందినది గాని బనాఖ్ దేహం అప్పటికే ఊపిరితిత్తుల క్యాన్సరుకు వశమైనది. జన్మస్థలమైన క్రాకోవ్‌లో ఆచార్యపీఠం ఆయనకై ఎదురు చూస్తుండగా, 1945 ఆగస్టు 31న ల్వూవ్‌లోనే తుదిశ్వాస విడిచినాడు. అప్పటికి ఆయన వయస్సు 53 సంవత్సరాలు. అచటి లిచాకీవ్ శ్మశానవాటికలో ఆయన సమాధి కలదు.

మనుష్యులు పోయినారు, పుస్తకాలు నిలిచినవి. లూత్సియా ఆ నోటు పుస్తకాన్ని యుద్ధకాలమంతా కాపాడి పోలండ్‌కు చేర్చినది. స్టైన్‌హౌస్ దాని ప్రతిని 1956లో అమెరికాలో ఉన్న ఉలామ్‌కు పంపగా, ఉలామ్ మరుసటి ఏడు ఆంగ్లంలోనికి అనువదించి ప్రతులు పంచిపెట్టినాడు. 1981లో అది వ్యాఖ్యలతో సహా అచ్చయినది. 1932 నాటి గ్రంథంలో బనాఖ్ విడిచిన ఒక ప్రశ్నకు, మజూర్ బాతు ప్రశ్నకు దగ్గర సంబంధం ఉన్నది. స్వీడన్ దేశపు యువకుడు పెర్ ఎన్‌ఫ్లో 1972లో ఒకే దెబ్బతో రెండింటినీ సాధించినాడు. ముప్పదియారు సంవత్సరాల క్రిందటి మాటను మరువక, వృద్ధుడైన మజూర్ వార్సాలో బుట్టతో సహా సజీవమైన బాతును ఆయనకు బహూకరించినాడు. బనాఖ్ గ్రంథంలోని మరొక ప్రశ్నను ఇంగ్లండుకు చెందిన తిమోతీ గవర్స్ ఛేదించినాడు. 1998లో ఆయనకు ఫీల్డ్స్ పతకం లభించుటకు కారణమైన కృషిలో అదియొక భాగం. కాబట్టి ప్రశ్నను నిజాయితీగా వ్రాసిపెట్టినవాడు కూడ రాబోవు తరాలకు గురువే.

ఈ విద్యను అభ్యసింపగోరు విద్యార్థి మిత్రులకు ఒక మాట. వాస్తవ విశ్లేషణ, రేఖీయ బీజగణితం బాగుగా వచ్చిన పిదప, 1963లో వెలువడిన సిమ్మన్స్ గ్రంథంతో ప్రారంభించుట సుగమం. దాని భాష మృదువు. అది టోపాలజీ నుండి బనాఖ్ ఆల్జీబ్రాల వరకు చేయిపట్టి నడిపిస్తుంది. మన దేశీయుడైన బాలమోహన్ లిమాయే 1981లో ప్రకటించిన గ్రంథం మన విద్యార్థుల అవసరాల నెరిగి వ్రాసినది. 1973 నాటి రూడిన్ గ్రంథం క్లుప్తమైనది, కఠినమైనది. ఒక్కొక్క పంక్తికి ఒక్కొక్క గంట వెచ్చించువారికే అది లొంగును. ఆపరేటర్ ఆల్జీబ్రాల కొరకు దిక్స్‌మియే 1957లో ఫ్రెంచిలో వ్రాసినది తొలి గ్రంథం. కాడిసన్, రింగ్‌రోజ్ 1983, 1986 సంవత్సరాలలో ఇచ్చిన రెండు సంపుటాలు సమగ్రమైనవి. భారతీయ గణితవేత్త వి. ఎస్. సుందర్ 1987లో వ్రాసిన చిన్న గ్రంథం ఫాన్ నాయ్‌మన్ ఆల్జీబ్రాలకు చక్కని ఆహ్వానపత్రిక. బనాఖ్ మూలగ్రంథం కూడ 1987లో ఆంగ్లంలో వచ్చినది. ఇన్ని పాఠ్యగ్రంథాలు చదివిన పిదప ఒక్కసారియైనను దానిని తెరిచి చూడవలెను. అందరూ నడిచే రహదారి మొదట కాలిబాటగా ఎట్లుండెనో అందులో కనబడుతుంది.

స్వభాషలో ఉన్నత గణితం సాధ్యమా అని సందేహించువారికి కూడ బనాఖ్ జీవితం సమాధానం చెబుతున్నది. ఈ సంగతి మన ప్రాంతానికి క్రొత్త కాదు. 1917లో హైదరాబాదులో అనువాద సంస్థ ఏర్పడి, 1918లో ఉస్మానియా విశ్వవిద్యాలయం ఉర్దూ మాధ్యమంగా స్థాపింపబడినది. 1968లో తెలుగు అకాడమీ వెలసి కళాశాల స్థాయి గ్రంథాలను తెలుగులో ప్రకటించినది. బనాఖ్ వలె మొదట మాతృభాషలో స్పష్టంగా తలచి, పిదప ప్రపంచ భాషలో చెప్పగల యువతరం ఉర్దూ, తెలుగు రెండింటి నీడలో పెరిగిన మన విద్యార్థుల నుండి రావలెను.

కళాశాల పెద్దలకు ఒక విన్నపం. గ్రంథాలయంలో ఒక అర ఈ పుస్తకాలకు కేటాయించినచో అది వృథా పోదు. దాని ప్రక్కన, లూత్సియా ఉంచినట్లు, ఒక మందపాటి నోటు పుస్తకాన్ని కూడ ఉంచినచో మరీ మంచిది. దానికయ్యే ఖర్చు స్వల్పం. విద్యార్థులు తమకు తోచని ప్రశ్నను ఒక పుటపై వ్రాసి, ఎదుటి పుటను ఖాళీగా విడువవచ్చును. ఈ ఏడు కాకున్నను, మరియొక ఏడు ఎవరో ఒకరు ఆ పుటను నింపగలరు.

క్రాకోవ్ ప్లాంటి ఉద్యానవనంలో 2016లో ఒక బల్లను ప్రతిష్ఠించినారు. దానిపై బనాఖ్, నికోదిమ్‌ల కంచు ప్రతిమలు కూర్చుండి నేటికీ గణితం ముచ్చటించుకొంటున్నట్లుండును. తల్లిదండ్రులు విడిచిన బాలుని, పట్టం లేని యువకుని, ఒక సంభాషణ ద్వారా గుర్తించిన స్థలం అది. మన తోటలలో, మన వరండాలలో జరిగే సంభాషణలను ఆలకించే స్టైన్‌హౌస్‌లు మనకు లభింతురు గాక.